పత్తి గదిలో ఆరు వందల వాక్యాలు

మా బావ గొంతు బొంగురుపోయిన సంగతి అందరికన్నా ముందు నాకే అర్థం కావాలి. మనుషుల గొంతులు విని, వాటిని కంప్యూటర్లో గీతలుగా మార్చి, ఆ గీతల మీద వ్యాసాలు రాయడమే నా పరిశోధన. అందుకు విశ్వవిద్యాలయం వాళ్ళు నాకు ఫెలోషిప్ కూడా ఇస్తారు, ఇచ్చినప్పుడు. అయినా మా అక్క మొగుడు ఎనిమిది నెలల పాటు ఫోన్లో ఇసుక నములుతున్నట్టు మాట్లాడుతుంటే నేను చేసిన వైద్యం ఒకటే. "బావా, ఈ గొంతుతో దయ్యాల సినిమాకి డబ్బింగ్ చెప్పొచ్చు నువ్వు" అన్నాను. ఆయన నవ్వాడు. ఆ నవ్వు కూడా గరగరలాడింది. అదీ విన్నాను.

నన్ను నేను వెనకేసుకు రావాలంటే ఒక సాకుంది. అద్దంకి అవతల అక్కావాళ్ళ ఊళ్ళో మిరపకాయలు కల్లానికి వచ్చి ఎండబెట్టారంటే ఊరందరి గొంతూ పోతుంది. ఘాటుకి పొద్దున లేస్తే దగ్గు, సాయంత్రానికి బొంగురు. ఆ రోజుల్లో గొంతు బాగున్నవాణ్ణి చూస్తే పని ఎగ్గొట్టి తిరుగుతున్నాడని అనుమానిస్తారు. అందుకని మార్చిలో బావ గొంతు పోతే ఎవరూ పట్టించుకోలేదు. కాయలు గుంటూరు యార్డుకి పోయాయి. వానలు పడ్డాయి. పత్తి వేశారు. అందరి గొంతులూ తిరిగొచ్చాయి, ఆయనది రాలేదు. "ఈ ఏడు ఘాటు బాగా పట్టిందిరా, దిగటంలా" అనేవాడు. పటికబెల్లం బుగ్గన పెట్టుకునేవాడు. రెండో బుగ్గన చుట్ట ఉండేది.

నవంబరులో అన్నం మింగుడు పడకపోయేసరికి అక్క గుంటూరు తీసుకెళ్ళింది. అక్కడి పెద్ద డాక్టరు గొట్టం వేసి చూసి, చీటీ వెనక బొమ్మ గీసి చూపించాడట. స్వరపేటిక మొత్తం తీసేయాలన్నాడట. బావ ఆ బొమ్మ చూసి అడిగిన ప్రశ్న ఇప్పటికీ మా ఇంట్లో చెప్పుకుంటారు, నవ్వకుండా.

"తీసేస్తే మళ్ళీ ఎప్పుడు పెడతారండీ?"

"పెట్టమండీ."

ఆపరేషన్‌కి పన్నెండు రోజులు గడువు పెట్టారు. నేను హైదరాబాదు నుంచి రైల్లో వచ్చి నల్లపాడులో దిగి, బస్సులు మారి అక్క ఇల్లు చేరేసరికి వసారా నిండా చుట్టాలున్నారు. దిష్టి అన్నవాళ్ళున్నారు, పురుగుమందులు అన్నవాళ్ళున్నారు. ఒక పెద్దమ్మ గొంతెత్తి ఏడుస్తోంది. ఎవరి గొంతు పోతోందో కొంచెంసేపు అర్థం కాలేదు. బావ మాత్రం మంచం మీద కూర్చుని ఆవిడ కేసి చూసి, "దొడ్డమ్మా, నాకు వినికిడి బాగానే ఉంది, కొంచెం తగ్గించు" అన్నాడు. గొంతులో ఊపిరి ఎక్కువ, మాట తక్కువ. అయినా గురి తప్పలేదు. మా కుటుంబంలో నన్ను మాటల్లో ఓడించగలిగినవాడు ఆయనొక్కడే.

అప్పుడు నేను ఒక మాట అన్నాను. మనిషి గొంతుని ముందే రికార్డు చేసి పెట్టుకుంటే, తర్వాత ఏది టైపు చేసినా ఫోను ఆ గొంతుతోనే పలికేట్టు చేయవచ్చని, మా ప్రయోగశాలలో అటువంటి పనే చేస్తున్నామని. ఆరేళ్ళుగా "నువ్వు చదివేది ఏంట్రా, దాంతో ఉజ్జోగం వచ్చిద్దా" అని అడిగినవాళ్ళంతా నా వైపు చూశారు. నాకు కొంచెం గర్వంగా కూడా అనిపించింది. ఆ సందర్భంలో అనిపించకూడదు, అనిపించింది.

అక్క కళ్ళు తుడుచుకుంది. "అచ్చం ఆయన మాట్లాడినట్టే మాట్లాడిద్దా?"

"అచ్చం."

వ్యాసాల్లో అయితే ఆ మాట వాడితే మా గైడు ఎర్ర ఇంకుతో సున్నా చుట్టేవాడు. ఇంట్లో గైడు లేడు.

రికార్డింగుకి నిశ్శబ్దం కావాలి. ఇంట్లో గేదెలు, కోళ్ళు, బోరు మోటారు, పెద్దమ్మ. ఊళ్ళో గుడి మైకు, చర్చి మైకు, మసీదు మైకు, వీటన్నిటినీ మించి ఉల్లిపాయల ఆటో. ఇల్లంతా తిరిగి చివరికి వెనక గదిలోకి వెళ్ళాను. అప్పటికి రెండుసార్లు తీసిన పత్తి అందులో పోసి ఉంది, మూడు గోడల పక్కనా దూలాల దాకా. ఒక కేక వేసి చూశాను. కేక పత్తిలోకి పోయింది, తిరిగి రాలేదు. మా ప్రయోగశాలలో గోడలకి స్పాంజి అంటించడానికి మూడేళ్ళ పాటు ఉత్తరాలు రాశారు. ఇక్కడ కూలీలు గంపలతో తెచ్చి పోశారు.

బావ పత్తిని భుజంతో నొక్కి కుర్చీలా చేసుకుని కూర్చున్నాడు.

"పెళ్ళిపీటల మీద కూడా ఇంత సుఖంగా కూర్చోలేదురా బామ్మర్దీ."

"అక్కకి వినపడిద్ది."

"వినపడకే కదా ఈ గది ఎంచుకున్నావు."

నా దగ్గర ఆరు వందల వాక్యాల పట్టిక ఉంది. తెలుగు అక్షరమాలలో ఉన్న ప్రతి ధ్వనీ, ప్రతి ఒత్తూ, పదం మొదట్లో ఒకసారి, మధ్యలో ఒకసారి, వచ్చేట్టు కూర్చిన వాక్యాలు. నాకంటే ముందు పరిశోధన చేసినవాళ్ళు మొదలుపెట్టారు, నేను పూర్తి చేశాను. చాలా మంచి పట్టిక. అందులో మనుషులు మాట్లాడే వాక్యం ఒక్కటీ లేదు.

"చదువు బావా. నూట పదకొండు."

"'ఢంకా మోగింది.' ఎవడి ఢంకారా?"

"ఎవడిదైతే ఏంటి, చదువు."

"రేపు గొంతు తీసేసినాక నేను ఢంకాలు కొనబోతున్నానా?"

"ఢ పట్టాలంటే ఢంకా రావాలి."

"నలభై ఆరేళ్ళ నుంచి ఆ అక్షరం నా నోట్లోకి రాలా, నేనూ దాని జోలికి పోలా. ఇప్పుడు పోయే ముందు పిలిచి పరిచయం చేస్తన్నావు."

ఆయన చెప్పింది నిజం. శాస్త్రపరంగా కూడా నిజం. ఒత్తక్షరాలు సగం మా ఊళ్ళ నోళ్ళలో లేవు. బావ 'వచ్చాడు' అన్నప్పుడు చివరి అక్షరానికి ముందు పలికే అచ్చుకి మన లిపిలో అక్షరమే లేదు. ఇవన్నీ నేను పాఠంగా చెప్పగలను, చెప్పాను కూడా, జూనియర్లకి, నల్లబల్ల ముందు. అయినా ఆ పన్నెండు రోజుల్లో నేను పట్టిందంతా అక్షరాలనే. ఇంకో సంగతి కూడా ఉంది. ఏడో తరగతితో చదువు ఆపేసిన మనిషి చేతికి కాగితమిస్తే ఏడో తరగతి గొంతుతోనే చదువుతాడు. బడి ప్రార్థనలో నిలబడి వార్తలు చదివినట్టు, ఒక్కో మాట వేరుచేసి, చివర గొంతు దించి. అది నా చెవికి అందుతూనే ఉంది. ధ్వనులు స్పష్టంగా వస్తున్నాయని సంతోషించాను.

స్పష్టంగా రానివి కూడా ఉండేవి. పత్తి నూగుకి ఆయన దగ్గేవాడు. మధ్యలో ఆపి, పక్క చేను రైతు నీళ్ళు దొంగతనంగా ఎలా మళ్ళించాడో చెప్పేవాడు. గేదెల్ని తిట్టేవాడు, నన్ను తిట్టేవాడు. రోజుకి పదిసార్లయినా కాగితం దించి, తల వెనక్కి వాల్చి, "ఏమేయ్!" అని అక్కని పిలిచేవాడు. మంచినీళ్ళకో, మజ్జిగకో, ఒక్కోసారి దేనికీ కాదు. పాడైపోయిన ఆ గొంతులోంచి అంత పెద్ద పిలుపు ఎలా వచ్చేదో నాకు తెలియదు. కింద నుంచి మొదలై, మధ్యలో ఒకచోట చిట్లి, చివర పైకి లేచేది. తెరమీద గీత ఎర్రగా మారిపోయేది.

"బావా, మైకు పక్కన అరవొద్దన్నానా? గీత పగిలిపోతంది."

"మీ అక్క మైకులో లేదుగా, వంటింట్లో ఉంది."

ఒకసారి అక్క గుమ్మం దాకా వచ్చి నిలబడి, "ఒరేయ్, ఆ తిట్లు కూడా ఎక్కించరా. లేపోతే రేపు గేదెలు మాట వినవు" అంది.

"తిట్లు పట్టికలో లేవక్కా."

"పట్టిక ఎవరు రాశారు?"

"నేనే."

"మరి?"

నవ్వాను. నాకు జవాబు లేనప్పుడల్లా నవ్వొస్తుంది, ఎదుటివాళ్ళకి కూడా వచ్చేట్టు చేస్తాను. అక్క కూడా నవ్వి వెళ్ళిపోయింది. సాయంత్రం టీ తాగుతూ లాప్‌టాప్ ముందు కూర్చుని ఆ రోజు రికార్డింగు శుభ్రం చేసేవాణ్ణి. దగ్గు కోసేయడం, ఊపిరి కోసేయడం, కబుర్లు కోసేయడం, ఏమేయ్ కోసేయడం. మిగిలిన వాక్యాలకి అంకెలు వేసి దాచి, రేపటికి చోటు కావాలని రికార్డరులో కార్డు తుడిచేసేవాణ్ణి. పద్ధతిగా చేశాను. ఆ పద్ధతి నేర్చుకోవడానికి నాకు రెండేళ్ళు పట్టింది.

పదకొండో రోజు ఆరు వందలవ వాక్యం అయింది. బావ కాగితాలు మడిచి పక్కన పెట్టాడు. వెంటనే లేవలేదు.

"అయిపోయిందా?"

"అయిపోయింది."

"ఆ రికార్డరు ఇంకా తిరుగుతుందా?"

"తిరుగుతుంది. ఏం?"

"కాగితం లేకుండా ఒక్క మాట చెప్తా. మీ అక్కకి."

ఆయన గొంతు సర్దుకున్నాడు. ముఖం మారింది. అటువంటి ముఖాలంటే నాకు చిన్నప్పటి నుంచీ భయం. ఎవరైనా అలా ముఖం పెట్టగానే నా నోటికి ఏదో ఒకటి వచ్చేస్తుంది.

"వీలునామా అయితే ఆగు బావా, లాయర్ని పిలుద్దాం. సాక్షి సంతకానికి గేదెల్ని తెస్తాను."

బావ ఒక్క క్షణం నన్ను చూసి, నవ్వాడు. నవ్వు దగ్గులోకి తిరిగింది. దగ్గు ఆగేసరికి ఆ ముఖం పోయింది. "పద, అన్నం తిందాం, ఆకలేస్తంది" అని లేచాడు. నేను రికార్డరు ఆపేశాను. ఆ నవ్వూ దగ్గూ కూడా ఆ సాయంత్రం కోసేశాను.

ఆపరేషన్ బాగా జరిగిందన్నారు. మనిషి మిగిలాడు. మెడ కింద రూపాయి బిళ్ళంత రంధ్రం, ఊపిరి ఇక అందులోంచే. ముక్కు అలంకారానికి. వ్యాకరణం పుస్తకాల్లో అచ్చులకి ప్రాణాలని పేరుంది, హల్లులకి ప్రాణులని. చిన్నప్పుడు అది ఒక మార్కు ప్రశ్న. ఊపిరి నోటిదాకా రాని మనిషిని చూశాక దాని అర్థం తెలిసింది. పెదాలు మూసి తెరిస్తే 'ప' లాంటిదొకటి చిన్నగా పేలుతుంది. నాలుక కొడితే 'ట' లాంటిది. వాటి వెనక రావలసిన అచ్చు రాదు. బావ మాట్లాడబోతే నీళ్ళలోంచి బుడగలు వచ్చినట్టు వట్టి హల్లులు వచ్చేవి. గుంటూరు ఆసుపత్రి మంచం పక్కన కూర్చుని నేను, ఏ ఏ హల్లులు మిగిలాయో మనసులో పట్టిక వేశాను. అలవాటు.

అక్క పలకా బలపం కొనుక్కొచ్చింది. మొదటి రోజే బావ ఒక విషయం కనిపెట్టాడు. కోపం వస్తే అక్షరాలు పెద్దవి రాయాలి. మామూలు మాటకి పలకలో మూడు వరసలు పడతాయి, అరుపుకి ఒక్క మాటే పడుతుంది. బలపం విరిగితే ఇంకా కోపమని. లిపిలో లేని అరుపుని ఆయన ఒక్క రోజులో లిపిలోకి తెచ్చాడు. దాని గురించి వ్యాసం రాయవచ్చు. రాయలేదు.

కానీ పలక మీద వేళాకోళం కుదరదు. వేళాకోళానికి వేగం కావాలి. నేను ఏదో అంటాను, బావ కళ్ళు మెరుస్తాయి, బలపం తీసుకుంటాడు. తలకట్టు, గుడి, కొమ్ము, ఒత్తు. మేమంతా వంగి చూస్తుంటాం. రెండో మాట దగ్గరే అక్క, "నీళ్ళు కావాలంటన్నాడు" అంటుంది. కాదని తల ఊపి ఇంకో అక్షరం రాస్తాడు. "ఆ, ఫ్యానా?" అంటారు ఎవరో. నాలుగో మాట పూర్తయ్యేసరికి గదిలో వేరే మాట నడుస్తుంటుంది. ఆయన రాసింది అరచేత్తో తుడిచేస్తాడు. నాకు తెలుసు, అది నన్ను ఓడించే మాటే. ఏమిటో చెప్పు అంటే చెప్పడు. ఆ రోజు పత్తి గదిలో అక్కకి ఏం చెప్పబోయావని కూడా ఒకసారి అడిగాను. "గుర్తులేదు" అని చిన్న అక్షరాలతో రాశాడు.

నెల తర్వాత ఫోన్లో గొంతు సిద్ధమైంది. ఊరికి తెచ్చాను. వసారాలో మళ్ళీ జనం చేరారు. బావ తడుముకుంటూ ఒక్కో అక్షరం నొక్కాడు. ఫోను పలికింది.

"ఏమేయ్. మంచినీళ్ళు."

గొంతు ఆయనదే. గీతలు పక్కపక్కన పెట్టి చూస్తే ఎవరూ కాదనలేరు. కానీ పిలుపు కాదది. హాజరు పట్టీలో పేరు చదివినట్టుంది. అక్క ఫోన్ని చూసింది, బావని చూసింది, నన్ను చూసింది.

"ఇదెవరు?" అంది.

బావ భుజాలు కదిలాయి. నవ్వుతున్నాడు. శబ్దం లేదు, మెడ దగ్గర గుడ్డ మాత్రం ఎగిరెగిరి పడుతోంది.

అయినా పదిహేను రోజులు వాడి చూశాడు. గుంటూరులో కాయలు అమ్మిపెట్టే కమీషన్ కొట్టాయనకి ఫోన్ చేశాడు, గోనె సంచులు ఎప్పుడు పంపుతారని. అవతలాయన అంతా విని, "ఈమధ్య చాలా మర్యాదగా మాట్లాడుతున్నారండీ. ఆరోగ్యం కుదుటపడినట్టుంది, సంతోషం" అన్నాడు. ఆ గొంతుతో తృప్తి పడ్డ మనిషి ఆయనొక్కడే. బావ ఫోను ఆపి అక్క చేతిలో పెట్టి, పలక తీసుకున్నాడు. ఈసారి అందరం ఆగాం.

"వీడు నాకంటే మంచోడు. వీడితోనే కాపరం చెయ్."

అక్క ఫోను తీసుకెళ్ళి బీరువాలో చీరల కింద పెట్టింది.

మా గైడు మాత్రం ఆ రికార్డింగులు విని మెచ్చుకున్నాడు. చెవులకి పెట్టుకున్నవి తీసి, "ఇంత శుభ్రంగా ఎవరూ తేలేదు. ఎక్కడా ఊపిరి కూడా లేదు" అన్నాడు. థాంక్స్ సార్ అన్నాను.

ఈ ఏడు మళ్ళీ మిరపకాయలు కల్లానికి వచ్చాయి. బావ అటు రాకూడదు. ముక్కూ నోరూ అడ్డం లేకుండా ఘాటు నేరుగా ఊపిరితిత్తుల్లోకి పోతుంది. కల్లం వైపు కిటికీకి తడిగుడ్డ కట్టి, దాని సందులోంచి చూస్తూ లోపల కూర్చుంటాడు. మళ్ళీ పరీక్షలున్నాయి, వాటి సంగతి ఇంట్లో ఎవరూ ఎత్తరు. నేను వారం రోజుల సెలవు మీద వెళ్ళాను. అక్క ముఖానికి గుడ్డ కట్టుకుని, తెల్లబడ్డ తాలుకాయలు ఏరుతోంది. పక్కన కూర్చుని నేనూ ఏరడం మొదలుపెట్టాను.

కొంతసేపటికి, తల ఎత్తకుండా అడిగింది.

"ఒరేయ్, ఆ గదిలో ఆయన నన్ను పిలిచేవోడు కదా. అయ్యి ఉంటయ్యిగా నీ దగ్గర. ఒక్కటి ఫోన్లో పెట్టియ్యి. ఒక్కటి చాలు."

"చూస్తానక్కా" అన్నాను. చూడడానికి ఏముందో నాకు తెలుసు. అయినా లాప్‌టాప్ తెచ్చి వేపచెట్టు నీడన కూర్చుని ఆరు వందలూ మొదటి నుంచీ విన్నాను. మధ్యాహ్నం భోజనం దాకా పట్టింది. ఢంకా మోగింది. ఘటం పగిలింది. ఛత్రం ఎగిరింది. ఎక్కడా పిలుపు లేదు. నా పని నేను బాగా చేశాను. నాలుగు వందల చిల్లర దగ్గర ఒక వాక్యం చివర మాత్రం, చాలా దూరంగా, ఏదో ఉంది. గట్టిగా పెట్టి విన్నాను. వంటింట్లోంచి అక్క గొంతు.

"వస్తన్నా."

ఆయన పిలుపు పెద్దది కాబట్టి నా కంటికి కనపడింది, కోసేశాను. ఈమె జవాబు గీతలో కనపడనంత చిన్నది కాబట్టి మిగిలింది. 

అది అక్కకి వినిపించాలా వద్దా అని ఆలోచించాను. నవ్వించే మాట ఏదైనా దొరుకుతుందేమో అని కూడా వెతుక్కున్నాను. ఏమీ రాలేదు. తెచ్చి చెవి దగ్గర పెట్టాను. రెండుసార్లు వింది.

"ఇది నేను కదరా."

"అవును."

"ఆయనయ్యి?"

"తీసేశానక్కా."

"ఎందుకు?"

"శుభ్రంగా ఉండాలని."

నన్ను తిడుతుందనుకున్నాను. తిట్టలేదు. లాప్‌టాప్ మీద పడ్డ మిరపగింజ ఒకటి గోటితో తీసి పారేసి, ముఖానికి గుడ్డ పైకి లాక్కుని, మళ్ళీ కాయల ముందు కూర్చుంది.

కిటికీ దగ్గర బావ గ్లాసుతో ఊచ మీద కొట్టాడు. పక్క కల్లంలో ట్రాక్టరు ఇంజను నడుస్తోంది. మళ్ళీ కొట్టాడు. అక్క వంచిన తల ఎత్తలేదు.

"అక్కా, బావ పిలుస్తున్నాడు" అని నేను కేకేశాను.

అక్క లేచి, చేతులు చీరకి తుడుచుకుంటూ లోపలికి వెళ్ళింది.